శ్రుతి అదే... గొంతే వేరు

సంక్రాంతికి అక్క వస్తోందంటే తమ్ముడు ఈసారి అరిసెల సంగతి పట్టించుకోలేదు. అది ఎలాగూ అమ్మ చూసుకుంటుంది. అతను హాల్లో టీవీకి ల్యాప్‌టాప్ కలిపాడు. గేమ్‌ప్యాడ్‌లు రెండు కొత్తవి తెప్పించాడు. రాత్రి మెడికల్ షాపు కట్టేసి వచ్చాక రోజూ గంటసేపు దాని ముందే కూర్చున్నాడు. భోగి నాటి సాయంత్రం పిల్లలంతా మేడ మీద గాలిపటాల గొడవలో ఉండగా 'అక్కా, ఒక్కసారి ఇలా రా' అని పిలిచి సోఫాలో కూర్చోబెట్టాడు.

తెర నల్లబడింది. పక్కనుంచి 'కాంట్రా' అన్న అక్షరాలు జారుతూ వచ్చి ఆగాయి. కింద ఇద్దరు సిపాయిలు తుపాకులు పట్టుకుని ఉన్నారు. చిన్న సంగీతం ముక్క మోగింది. తమ్ముడు తెరను చూడటం లేదు, అక్క ముఖాన్నే చూస్తున్నాడు.

అక్క నవ్వింది. అంతలోనే కనుబొమలు ముడిచింది.

'ఇది మనది కాదురా' అంది.

'అదేంటక్కా! అదే కాంట్రా. ఒక్క అక్షరం మారలేదు.'

'బొమ్మలు అవే. పాటే తేడా' అంది అక్క. అంతకుమించి ఏం చెప్పాలో ఆమెకి తోచలేదు. ఆట మొదలుపెట్టారు. మొదటి స్టేజిలో వంతెన దాటేలోపే ఆమె బొమ్మ మూడుసార్లు చచ్చిపోయింది. 'వీడికింత తొందరేంటి? మనవాడు నింపాదిగా పరిగెత్తేవాడు' అని గేమ్‌ప్యాడ్ పక్కన పెట్టేసి, ముగ్గుపిండి తడపాలంటూ లేచిపోయింది.

తమ్ముడికి రోషం వచ్చింది. రాదూ మరి! అతను అక్కకి చూపించింది ఆషామాషీ ఎమ్యులేటర్ కాదు. కచ్చితత్వంలో పేరుపడ్డ 'మెసెన్'. పాత యంత్రం ఒక్కో మెట్టులో ఏం చేసేదో అదే క్రమంలో చేసి చూపించడం దాని ప్రత్యేకత. అలాంటి దాన్ని పట్టుకుని తేడాగా ఉందంటే ఎలా?

*

ఈ అక్కాతమ్ముళ్లది తెనాలి. 1996 వేసవిలో వాళ్ల బాబాయి మద్రాసు వెళ్లి బర్మా బజారు నుంచి ఒక డబ్బా తెచ్చాడు. ఇంగ్లిషులో దాని పేరేమిటో ఇద్దరికీ ఇప్పుడు గుర్తులేదు. ఇంట్లో అందరూ 'టీవీ గేమ్' అనేవాళ్లు. పన్నెండు వందలు పెట్టి కొన్నానని బాబాయి చెప్పాడు. 'అంత డబ్బు తగలేశావా' అని నాన్న వారం రోజులు తమ్ముడితో మాట్లాడలేదు. తర్వాత ఆయనే రాత్రి భోజనాలయ్యాక తుపాకి పట్టుకుని బాతుల్ని కొట్టేవాడు. (ఆ తుపాకి ఇప్పుడు దొరికినా పనిచేయదు. పాత పిక్చర్ ట్యూబ్ టీవీ తెర మీద వెలుగు మెరిసే తీరుని బట్టి గురి కనిపెట్టే ఏర్పాటు అది. ఇప్పటి పల్చటి టీవీల ముందు అది కర్రముక్కతో సమానం.)

డబ్బాతో పాటు ఒక పసుపుపచ్చ కేసెట్టు. అందులో మారియో, ట్యాంకుల ఆట, కాంట్రా. డయనోరా టీవీ వెనకాల యాంటెన్నా తీగ పీకి ఈ తీగ గుచ్చి, ఛానల్ ట్యూన్ చేసుకోవాలి. ఒక్కోసారి బొమ్మ రాదు. అప్పుడు కేసెట్టు తీసి 'ఉఫ్'మని ఊది మళ్లీ పెట్టాలి. ఊదితే ఎందుకు పనిచేసేదో ఎవరికీ తెలియదు. తీసి పెట్టడం వల్లే పనిచేసి ఉంటుందిగానీ, ఊదకుండా పెట్టే ధైర్యం ఏ పిల్లాడికుంది?

అక్కకి పదిహేడేళ్లు. ఇంటర్ మొదటి సంవత్సరం పరీక్షలు రాసి ఖాళీగా ఉంది. తమ్ముడికి పద్నాలుగు. ఆటలో ఆమెదే పైచేయి. నీలం ప్యాంటు బొమ్మ ఆమెది, ఎర్ర ప్యాంటు బొమ్మ అతనిది. జలపాతం స్టేజిలో పైకి ఎక్కుతూ పోవాలి. ఒకరు తొందరగా ఎక్కేస్తే తెర పైకి జరిగి, వెనకపడ్డవాడు కింద అంచులో పడి చచ్చిపోతాడు. ఆ స్టేజిలో ఎర్ర ప్యాంటు ఎన్నిసార్లు పోయిందో లెక్కలేదు. 'ఆగక్కా, ఆగక్కా' అని తమ్ముడు, 'నువ్వే త్వరగా రారా' అని అక్క.

ముప్పై ప్రాణాల రహస్యం పక్కవీధి కుర్రాడు ఫైవ్‌స్టార్ చాక్లెట్ తీసుకుని చెప్పాడు. పైకి పైకి, కిందికి కిందికి, ఎడమ కుడి, ఎడమ కుడి, బి, ఎ. కొనామి కంపెనీలో కజుహిసా హషిమోతో అనే ప్రోగ్రామర్ 1986లో 'గ్రాడియస్' అనే వేరే ఆట కోసం, పరీక్షించేటప్పుడు తన పని సులువు కావడానికి పెట్టుకున్న కిటుకు అది. పదేళ్లలో అది తెనాలి దాకా వచ్చి చాక్లెట్ ధర పలికింది!

అయినా ఆ వేసవిలో వాళ్లు ఆట పూర్తి చేయలేకపోయారు. పైనుంచి ఇనుపకొక్కేలు దిగే ఏడో స్టేజి దాకా రెండుసార్లు వెళ్లారు. రెండుసార్లూ కరెంటు పోయింది. ఆ డబ్బాలో ఆటని దాచుకునే వీలు లేదు. కరెంటు వచ్చాక మళ్లీ మొదటినుంచే. ఆపైన కాలేజీలు తెరిచారు. 1998లో అక్కకి పెళ్లయింది, అప్పటికి ఆమెకి పంతొమ్మిదేళ్లు. ఖమ్మం వెళ్లిపోయింది. టీవీ గేమ్‌ని నాన్న ఎవరో చుట్టాల పిల్లలకిచ్చేశాడు. తమ్ముడు అడ్డుపడలేదు. ఒక్కడూ ఆడి ఏం చేస్తాడు?

*

ఎమ్యులేటర్ అన్నమాట అతను మొదట విన్నది 2000లో, విజయవాడలో కంప్యూటర్ కోర్సులో చేరినప్పుడు. స్నేహితుడొకడు ఫ్లాపీ ఇచ్చాడు. 1.44 మెగాబైట్ల ఫ్లాపీలో ఆడించే ప్రోగ్రామూ, దాంతో పాటు ఆటలూ పట్టాయి. పట్టవూ మరి... మారియో మొత్తం కలిపి 40 కిలోబైట్లు. కాంట్రా 128. ఇప్పుడు ఫోన్‌లో పంపుకునే గుడ్‌మార్నింగ్ పువ్వు బొమ్మ అంతకంటే బరువుంటుంది.

ఆ ప్రోగ్రాం పేరు 'నెస్టికిల్'. 1997లో వచ్చింది. మౌస్ బాణం బదులు నెత్తురోడే తెగిన చెయ్యి కదిలేది. అదో వెకిలితనం. కానీ వేగంలో దానికి సాటిలేదు. ఇన్‌స్టిట్యూట్‌లో మూలనపడ్డ పాత కంప్యూటర్ మీద కూడా మారియో గెంతాడు. పాట గరగరలాడింది, అక్కడక్కడా రంగులు చెదిరాయి. అతనికవేం పట్టలేదు. నాలుగేళ్ల తర్వాత మారియో కనిపించడమే ఎక్కువ.

అసలీ ఎమ్యులేటర్ అంటే ఏమిటి? ఎన్నికల సభ ఊహించుకోండి. ఢిల్లీ నుంచి వచ్చిన నాయకుడు హిందీలో మాట్లాడుతుంటాడు. పక్కన మరో మైకు దగ్గర తెలుగులో చెప్పే ఆయన నిలబడతాడు. పాత గేమ్ కేసెట్టులో ఉన్నది ఆ పాత యంత్రానికి మాత్రమే అర్థమయ్యే మాట. మన కంప్యూటర్‌కి ఆ భాష రాదు. మధ్యలో నిలబడి ఒక్కో మాటనీ మార్చి చెప్పేదే ఎమ్యులేటర్.

తెలుగులో చెప్పేవాళ్లలో రెండు రకాలుంటారు. నాయకుడు అయిదు నిమిషాలు మాట్లాడింది విని, సారాంశం రెండు ముక్కల్లో చెప్పేసేవాడు ఒకడు. సభ చకచకా సాగుతుంది. జనం చప్పట్లు కొడతారు. చమత్కారాలు మాత్రం పోతాయి. రెండోవాడు ప్రతి మాటనీ, మధ్యలో దగ్గునీ, ఆగిన చోట ఆగడాన్నీ కూడా వదలకుండా చెబుతాడు. చాకిరీ ఎక్కువ. నెస్టికిల్ మొదటి రకం. 1999 జనవరిలో వచ్చిన 'అల్ట్రా హెచ్ఎల్ఈ' కూడా అంతే. 1996లో వచ్చిన నింటెండో 64ని మూడేళ్లు తిరక్కుండానే మామూలు ఇంటి కంప్యూటర్ మీద ఆడించి అందర్నీ నోరు వెళ్లబెట్టేలా చేసిందంటే కారణం ఈ సారాంశం చెప్పే పద్ధతే. మెసెన్ రెండో రకం.

రెండో రకానికి ఎంత చాకిరీ అవుతుందో 'బైయు' అన్న మారుపేరుతో పనిచేసిన ప్రోగ్రామర్ 2011లో ఆర్స్ టెక్నికాలో రాసిన వ్యాసంలో లెక్కకట్టి చూపించాడు. 1983లో వచ్చిన నింటెండో యంత్రం గుండెకాయ వేగం 1.79 మెగాహెర్ట్జ్. దాన్ని ఆడించడానికి నెస్టికిల్‌కి 25 మెగాహెర్ట్జ్ కంప్యూటర్ చాలు. అదే పనిని శ్రద్ధగా చేసే నెస్టోపియాకి 800 కావాలి. నింటెండ్యులేటర్‌కి 1600. ఆ తర్వాతి తరం సూపర్ నింటెండోకైతే జెడ్‌స్నెస్ 300తో సరిపెట్టుకుంటే, బైయు సొంతంగా రాసిన 'బీస్నెస్' మూడు వేలు అడిగేది.

ఇంత తేడా ఎందుకంటే, నూటికి తొంభైతొమ్మిది ఆటలు సారాంశంతోనే సరిపోతాయి. ఆ మిగిలిన ఒక్కటి ఉంది చూశారూ... దాంతోనే వస్తుంది చిక్కు. సూపర్ నింటెండోలో 'ఎయిర్ స్ట్రైక్ పెట్రోల్' అనే విమానాల ఆట ఉంది. విమానం నీడ నేల మీద పడుతుంది. ఆ నీడని గీయడానికి ఆట రాసినవాళ్లు ఒక గీత తెర మీద సగం పడేసరికి మధ్యలో అమరిక మార్చే కిటుకు వాడారు. గీతలు గీతలుగా గబగబా గీసేసే ఎమ్యులేటర్లలో ఆ నీడ మాయమైపోయింది. ఆట నడుస్తుంది, స్కోరు పడుతుంది, నీడే ఉండదు. నీడ ఉండాలని తెలిసినవాడు తప్ప ఎవరూ గుర్తుపట్టరు. 'స్పీడీ గొంజాలెజ్' అనే మరో ఆటలో ఆరో ప్రపంచం మొదటి అంకంలో ఒక మీట నొక్కగానే ఆట అక్కడికక్కడే బిగుసుకుపోయేది. పాత యంత్రంలో ఖాళీ తీగల మీద మిగిలిపోయిన విలువ మీద ఆధారపడ్డ వ్యవహారమది. ఒక నీడ కోసం, ఒక మీట కోసం ఏళ్లకేళ్లు కూర్చుని రాయడం పిచ్చితనంలా కనిపించవచ్చు. పాత నాటకం రికార్డులో ఒక్క పద్యం ఎగిరిపోతే ఊరుకోని మనిషి మనలోనూ ఉంటాడు. ఇదీ ఆ బాపతే.

కొత్త యంత్రాల దగ్గరికొచ్చేసరికి ఈ పట్టింపు కుదరదు. ప్లేస్టేషన్ 2కి పీసీఎస్ఎక్స్2, గేమ్‌క్యూబ్‌కి డాల్ఫిన్, పీఎస్‌పీకి పీపీఎస్ఎస్‌పీపీ... ఇవన్నీ మంచివే. కానీ ఒక్కో మెట్టూ లెక్కపెట్టుకుంటూ నడవడం వాటికి సాధ్యం కాదు. అలా నడిస్తే ఎంతటి కంప్యూటరూ మోయలేదు. అందుకే అక్కడ తెలివైన సారాంశమే శరణ్యం. అన్నీ ఒకేచోట కావాలనుకునేవాళ్లు రెట్రోఆర్క్ పెట్టుకుంటారు. దాని మెనూలు నేర్చుకునేలోపు పాత ఆటొకటి పూర్తిచేయొచ్చన్నది వేరే సంగతి.

ఇదంతా చట్టబద్ధమేనా అన్న ప్రశ్న ఎలాగూ వస్తుంది. ప్లేస్టేషన్‌ని కంప్యూటర్ మీద ఆడించిన కనెక్టిక్స్ అనే సంస్థ మీద సోనీ దావా వేస్తే, 2000లో అమెరికా తొమ్మిదో సర్క్యూట్ అప్పీళ్ల కోర్టు కనెక్టిక్స్ వైపే తీర్పిచ్చింది. మరుసటి ఏడాది సోనీ ఆ ప్రోగ్రాంనే కొనేసి మూలన పడేసింది! అలాగని అన్నింటికీ అభయం దొరికినట్టు కాదు. స్విచ్ యంత్రానికి ఎమ్యులేటర్ చేసిన 'యుజు' బృందం 2024లో నింటెండోకి 24 లక్షల డాలర్లు కట్టడానికి ఒప్పుకుని దుకాణం మూసేసింది. ఎమ్యులేటర్ వేరు, అందులో ఆడే గేము ఫైలు వేరు. ఫైలు ఎక్కడిదని అడిగితే ఈ తమ్ముడు నవ్వి ఊరుకుంటాడు. బర్మా బజారు కేసెట్టు మాత్రం అసలుదా ఏమిటి? అమెరికాలో వచ్చిన పాత ఆటల్లో 87 శాతం ఇప్పుడు ఎక్కడా కొనడానికి దొరకవని 2023లో వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ అధ్యయనం తేల్చింది. కాంట్రా ఆ జాబితాలోది కాదు, కొనామి 2019లో మళ్లీ అమ్మకానికి పెట్టింది. కాబట్టి అతని నవ్వుకి ఆ సాకు కూడా లేదు.

*

భోగి రాత్రి భోజనాల దగ్గర తమ్ముడు ఈ పురాణమంతా అక్కకి చెప్పాడు. ప్రాసెసర్లు, మెగాహెర్ట్జ్‌లు, నీడ, మీట... అక్క ఓపిగ్గా వింది. విని, 'కావచ్చురా. ఆ అమెరికావాళ్లది అలాగే ఉండేదేమో. మనింట్లోది అలా లేదు' అంది.

'ముప్పై ఏళ్ల నాటి పాట నీకేం గుర్తుంటుందక్కా?'

అక్క పదో తరగతి దాకా వీధి చివర టీచర్ దగ్గర సంగీతం నేర్చుకుంది. సరళీ స్వరాలు మూడు కాలాల్లో పాడేది. పెళ్లితో అదీ ఆగిపోయింది. కంచం ముందునుంచి లేవకుండానే ఆ కాంట్రా పాట కూనిరాగం తీసింది. అంతా తీశాక చెప్పింది. 'శ్రుతి అదే. కాలం వేరు, గొంతు వేరు. ఇది తొందరగా పాడుతోంది. పైగా మనదాంట్లో పాడినవాడు వీడు కాదు.'

'వదిన అంత విడమర్చి చెబుతుంటే ఇంకా వాదిస్తారేంటి' అంది అతని భార్య.

రాత్రి పదకొండింటికి అందరూ పడుకున్నాక అతను మళ్లీ ల్యాప్‌టాప్ తెరిచాడు. అక్క తప్పని రుజువు చేద్దామనే తెరిచాడు.

కాలం సంగతి ముందు తేలింది. జపాన్, అమెరికా టీవీలు సెకనుకి అరవై బొమ్మలు చూపించేవి. మన దూరదర్శన్ టీవీలది యాభై బొమ్మల పద్ధతి. ఆ రోజుల ఆటలకి వేరే గడియారం ఉండేది కాదు. బొమ్మ మారినప్పుడల్లా ఒక అడుగు, పాటలో ఒక మాత్ర. మరి యాభై బొమ్మల టీవీలో ఏమవుతుంది? అరవై మెట్ల మీద అయిదు నిమిషాల్లో అయ్యే పని ఆరు నిమిషాలు పడుతుంది. మనవాడు నింపాదిగా పరిగెత్తేవాడని అక్క అన్నది అక్షరాలా నిజం. ఎమ్యులేటరేమో ఈ ఆట అమెరికాదని గుర్తుపట్టి అరవైకి ఉరికించింది.

అతను అమరికల్లోకి వెళ్లి 'పాల్' అని ఉన్నది ఎంచుకున్నాడు. యూరప్‌లో నింటెండో అమ్మిన యాభై బొమ్మల యంత్రం అది. ఆట నెమ్మదించింది. సమస్య తీరిందనుకుని పడుకున్నాడు.

పొద్దున్నే పండగ హడావుడి. తలంటు పోసుకుని, తడిజుట్టుకి తువ్వాలు చుట్టుకుని వెళుతున్న అక్కని ఆపి పాట వినిపించాడు. ఆమె నిలబడే వింది. 'కాలం సరిపోయింది. శ్రుతి దిగిపోయిందేంటి?' అని వంటింట్లోకి వెళ్లిపోయింది.

తమ్ముడు అలాగే కూర్చుండిపోయాడు. ఎందుకంటే అదీ నిజమే. యూరప్ యంత్రంలో నింటెండో ప్రాసెసర్ వేగాన్నే 1.66 మెగాహెర్ట్జ్‌కి దించింది. స్వరాలన్నీ ఆ వేగం నుంచే పుడతాయి కాబట్టి పాట మొత్తం ఒక స్వరస్థానం మీద ఇంకాస్త కిందికి జారుతుంది. అంటే అక్క విన్న పాట అమెరికాదీ కాదు, యూరప్‌దీ కాదు. కాలం యూరప్‌ది, శ్రుతి అమెరికాది. అలాంటి యంత్రం నింటెండో ఎన్నడూ అమ్మనే లేదు.

నింటెండో అమ్మలేదు. వేరేవాళ్లు అమ్మారు.

ఆ అమరికల జాబితాలోనే మూడో పేరుంది: డెండీ. అదేదో వింత పేరని అతను ఎప్పుడూ దాని జోలికి పోలేదు. 1992లో రష్యాలో అమ్మకానికొచ్చిన నకలు యంత్రం పేరది. తయారైంది తైవాన్‌లో. ఆ నకలు చేసినవాళ్లు మొద్దుబుర్రలేం కాదు. యాభై బొమ్మల టీవీలో ఆడాలి, అమెరికా, జపాన్ కేసెట్లు తడబడకూడదు. అందుకని ప్రాసెసర్ వేగాన్ని 1.77 దగ్గరే నిలబెట్టారు. అసలుదానికీ దీనికీ నూటికి ఒక్కపాలు తేడా. తెర మీద అదనంగా వచ్చే గీతల సమయాన్ని మాత్రం బొమ్మ అయిపోయాక ఊరికే కాచుకుని గడిపేలా ఏర్పాటు చేశారు. దాంతో శ్రుతి నిలిచింది, కాలం సాగింది. అచ్చం ఆమె చెప్పినట్టే! బాబాయి తెచ్చిన డబ్బా కూడా ఈ జాతిదే అయ్యుండాలి. విప్పి చిప్ మీద అంకె చూద్దామంటే ఆ డబ్బా ఏ అటకెక్కిందో! మిగిలిన సాక్ష్యం ఆమె చెవి ఒక్కటే.

ఇక గొంతు. ఆ పాత యంత్రం పాడేది ముఖ్యంగా చదరపు తరంగాలతో. శబ్దం ఒక చుట్టులో ఎంతసేపు పైన ఉంటుంది, ఎంతసేపు కింద ఉంటుందన్నదాన్ని బట్టి గొంతు మారుతుంది. సగం సగమైతే బోలుగా, క్లారినెట్‌కి దగ్గరగా ఉంటుంది. పావు, ముప్పావు అయితే సన్నగా, కాస్త ముక్కుతో పాడినట్టుంటుంది. ఆట రాసిన సంగీతకారుడు ఏ స్వరానికి ఏ గొంతు కావాలో ఎంచుకుంటాడు. తైవాన్ నకలు చిప్‌లు కొన్నింట్లో ఈ రెండూ తారుమారయ్యాయి. సగం అడిగితే పావు పలికేది, పావు అడిగితే సగం. స్వరం మారదు, తాళం మారదు, పాడే మనిషి మారిపోతాడు. ఆ తారుమారుతోనే లక్షల ఇళ్లలో మారియో పాడాడు. అది తప్పని ఆ పిల్లలకి ఎవరు చెబుతారు? వాళ్లు విన్న మొదటి పాటే అది.

ఈ తప్పుని కూడా ఎమ్యులేటర్లు రాసినవాళ్లు దాచిపెట్టారు! మెసెన్‌లో, దానికంటే ముందు నుంచీ ఉన్న ఎఫ్‌సీఈయూఎక్స్‌లో, శబ్దం అమరికల్లో చిన్న గడి ఉంటుంది. టిక్కు పెడితే ఆ రెండు గొంతులూ తారుమారవుతాయి. ఒక నీడ కోసం తంటాలు పడ్డ బాపతు మనుషులే ఇదీ చేసింది. అసలు యంత్రాన్ని వెంట్రుకవాసి తేడా లేకుండా దించాక, నకలు యంత్రం చేసిన పొరపాటునీ అంతే శ్రద్ధగా దించారు. ఎక్కడో ఎవరో, బహుశా డెండీ ముందు పెరిగిన మనిషే, 'ఇది మనది కాదు' అని ఉంటాడు.

తమ్ముడు డెండీ ఎంచుకుని, ఆ గడిలో టిక్కు పెట్టాడు. ఈసారి అక్కని పిలవలేదు. టీవీ శబ్దం కాస్త పెంచి ఆట మొదలుపెట్టి ఊరుకున్నాడు.

వంటింట్లో మూకుడు చప్పుడు ఆగింది. అక్క చేతులకి శనగపిండితోనే గుమ్మంలోకి వచ్చి నిలబడింది. ఏమీ అనలేదు. పాట రెండోసారి తిరిగేదాకా అలాగే ఉంది. తర్వాత లోపలికి తిరిగి, 'అమ్మా, కాసేపు నువ్వు చూడవే' అంది.

*

కనుమ నాటి రాత్రి పిల్లలు ముందు వేళాకోళం చేశారు. మేనకోడలు 'అమ్మా, నువ్వు గన్ పట్టుకోవడమేంటి' అని ఫోన్‌లో వీడియో తీసింది. పది నిమిషాలయ్యేసరికి అందరూ నేల మీద వరసగా కూర్చున్నారు. చాక్లెట్ ఖరీదు చేసిన కోడు కొట్టేటప్పుడు అక్క వేళ్లు తడుముకోలేదు. నీలం ప్యాంటు ఆమెది, ఎర్ర ప్యాంటు అతనిది. వంతెన దాటారు. జలపాతం దగ్గర నీలం ప్యాంటు ఎగిరెగిరి పైకి పోయింది, ఎర్ర ప్యాంటు కింద అంచులో పడి పోయింది.

'ఒక్క క్షణం ఆగితే ఏం పోయిందక్కా?'

'నువ్వే త్వరగా రారా.'

మంచు స్టేజి దాటేసరికి పదిన్నర. ఎమ్యులేటర్‌లో ఎక్కడికక్కడ ఆటని దాచుకోవచ్చు. 'ఇక్కడ సేవ్ చేయనా' అని అడిగాడు. 'వద్దురా. అప్పుడెక్కడున్నాయి అవన్నీ' అంది అక్క. ఏడో స్టేజిలో ఇనుపకొక్కేలు దిగడం మొదలైంది. ఇద్దరికీ కలిపి ప్రాణాలు పదకొండున్నాయి. అప్పుడే ఖమ్మం నుంచి బావ ఫోన్. రేపు రైలు ఎన్నింటికి, సామానెంత, స్టేషన్‌కి ఎవరు రావాలి... మాట్లాడి వచ్చేసరికి అక్కకి ఆవలింతలొచ్చాయి. 'ఇంక చాల్లే, పొద్దున్నే లేవాలి' అని దుప్పటి దులుపుకుంది. తమ్ముడు వైర్లు పీకేశాడు.

ముక్కనుమ పొద్దున తెనాలి స్టేషన్. అరిసెల డబ్బా, జంతికల డబ్బా, అమ్మ కట్టించిన కందిపొడి. రైలు అరగంట ఆలస్యం. ఊళ్లో సంగతులన్నీ అయిపోయాయి. అక్క పట్టాల వైపు చూస్తూ అడిగింది.

'ఏడో స్టేజిలో ఆపేశాం కదరా. సేవ్ చేశావా?'

'వద్దన్నావుగా.'

'చేశావా లేదా?'

'చేశాను.'

'ఊఁ' అంది అక్క. దూరంగా ఇంజిన్ కూత వినిపించింది. ఇద్దరూ వంగి సామాను అందుకున్నారు.